బొమ్మ వచ్చింది... మాట రాలేదు!

ముందుగా ఒక మనవి. ఇది ఏ హీరోగారి ఇంటర్వ్యూ కాదు, ఏ అవుట్‌డోర్ షూటింగ్ ముచ్చటా కాదు. అయినా ఈ పేజీల్లో నాలుగు మాటలు రాసే హక్కు నాకూ ఉందనే అనుకుంటున్నాను. ఎందుకంటారా? నేనూ సినిమాలు తీస్తాను! కాకపోతే నా సినిమాల్లో హీరో హీరోయిన్లు ఒక్కసారే నటిస్తారు. రిహార్సల్ ఉండదు, రీటేక్ ఉండదు. తాళి కట్టే వేళ "కట్, ఇంకోసారి" అనే కెమెరామేన్లూ లేకపోలేదు గానీ, నేను ఆ బాపతు కాదు.

అవును, పెళ్లి వీడియోలు తీసేవాణ్ని. మా దుకాణం ఆరాంఘర్‌లో. మెహదీపట్నం నుంచి పి.వి. నరసింహారావు ఎక్స్‌ప్రెస్ వే పదకొండున్నర కిలోమీటర్లు గాల్లో ప్రయాణం చేసి నేలకు దిగేది మా దగ్గరే. 2009లో అది తెరిచిన దగ్గర్నుంచీ ఇటువైపు వాళ్లు అడ్రసు చెప్పడం మానేసి స్తంభం నంబరు చెప్పడం మొదలుపెట్టారు. ఒక పక్క శివరాంపల్లి, పోలీసు అకాడమీ. ఇంకో పక్క మైలార్‌దేవ్‌పల్లి, కాటేదాన్ ఫ్యాక్టరీలు. తిన్నగా పోతే శంషాబాద్ విమానాశ్రయం. 2008లో విమానాలు దిగడం మొదలయ్యాక ఆ రోడ్డు వెంట ఫంక్షన్ హాళ్లు కూడా వరసగా దిగాయి. మాఘమాసం వచ్చిందంటే ఆ దీపాల వెలుగుకి రాత్రీ పగలూ తెలిసేది కాదు. నా అన్నం ఆ వెలుగులోంచే వచ్చింది.

సినిమా పిచ్చి నాకు చిన్నప్పటినుంచీ ఉంది. అందుకే ముందు 2013 నాటి ఒక సంగతి చెప్పాలి.

ఆ సెప్టెంబరులో "అత్తారింటికి దారేది" విడుదలకు సిద్ధంగా ఉంది. 27న రిలీజు. అంతకు నాలుగైదు రోజుల ముందే సగానికి పైగా సినిమా బయటికి పొక్కిపోయింది! కోట్లు పోసి తీసిన బొమ్మ, హాల్లో తెర లేవకముందే జనం సెల్‌ఫోన్లలో ఆడుతోంది. (తర్వాత హాళ్లలో ఆ సినిమా దుమ్ము దులిపింది, అది వేరే సంగతి.) ఆ రోజుల్లో మా చౌరస్తా దగ్గర ఒక మొబైల్ దుకాణం కుర్రాడు మెమొరీ కార్డుల్లో సినిమాలు ఎక్కించేవాడు. బొమ్మకు 20 రూపాయలు. ఆ రోజు వాడి కంప్యూటర్ ముందు నలుగురైదుగురు నిలబడి ఉంటే నా ఒళ్లు మండిపోయింది. వెళ్లి దులిపేశాను. "నువ్వు ఎక్కించేది సినిమా కాదురా, రెండు వందలమంది కష్టం. లైట్‌బాయ్ దగ్గర్నుంచి ఎడిటర్ దాకా అందరి నోటి దగ్గర కూడు లాగుతున్నావు" అని డైలాగు కూడా కొట్టాను. చుట్టూ జనం. నాకు కొంచెం హుషారుగానే ఉంది, ఎందుకు దాచాలి.

ఆ కుర్రాడు కోపం తెచ్చుకోలేదు. తల కూడా ఎత్తలేదు. "అన్నా, నువ్వు పెండ్లిళ్లు ఎడిటింగ్ చేస్తవు గదా. ఆ సాఫ్ట్‌వేర్ కొన్నదేనా?" అన్నాడు.

నా దగ్గర జవాబు లేదు. "అది వేరు, ఇది వేరు" అని గొణిగి వచ్చేశాను. ఎలా వేరో ఆనాడు నాకు తెలియలేదు. ఇప్పటికీ తెలియదు.

నా మొదటి కంప్యూటర్ 2003లో కూర్చాం. విడిభాగాలు సికింద్రాబాద్ చెనాయ్ ట్రేడ్ సెంటర్‌లో బిల్లుతో సహా కొని తెచ్చాను. మానిటర్‌కు బిల్లు, మదర్‌బోర్డుకు బిల్లు, ఆఖరికి మౌస్‌కు కూడా బిల్లు! మా ఏరియాలో ఒక పిల్లవాడు అవన్నీ బిగించి, సంచిలోంచి సీడీల కట్ట తీసి, "అన్నా, ఏమేం వేయమంటవ్?" అని అడిగాడు. టిఫిన్ సెంటర్లో సర్వర్ అడిగినట్టే అడిగాడు. విండోస్ వేశాడు, ఆఫీసు వేశాడు, ఫొటోలు దిద్దేది వేశాడు, వీడియో ఎడిటింగ్‌ది వేశాడు. పెళ్లిపత్రికల కోసం అను ఫాంట్లు వేశాడు. తెలుగువాళ్లు తెలుగు కోసం చేసిన సరుకును కూడా నేను అలాగే ఊరికే తెచ్చుకున్నాను. పిల్లవాడి చేతిలో 200 రూపాయలు పెట్టాను. అదే సాఫ్ట్‌వేర్ ఖర్చు అనుకున్నాను. ఇనుముకు డబ్బివ్వాలి, కంటికి కనబడనిదానికి ఎందుకివ్వాలి? అప్పట్లో అందరి లెక్కా ఇదే.

అప్పుడు వాటికి క్రాక్ అనేవాళ్లు, కీజెన్ అనేవాళ్లు. తర్వాత యాక్టివేటర్ అనే పేరొచ్చింది. తెలియనివాళ్ల కోసం ఆ యంత్రాంగం కాస్త చెబుతాను, సినిమా హాలు భాషలో. పెద్ద పెద్ద ఆఫీసుల్లో వందల కంప్యూటర్లు ఉంటాయి కదా. ఒక్కొక్కటీ విడివిడిగా కంపెనీని అడిగి అనుమతి తెచ్చుకోవడం కష్టమని, విండోస్ విస్టా కాలం నుంచి మైక్రోసాఫ్ట్ వాళ్లు ఒక ఏర్పాటు పెట్టారు. ఆఫీసులోనే ఒక సర్వర్ ఉంటుంది. తక్కిన కంప్యూటర్లన్నీ దాని దగ్గర టికెట్ చింపించుకుంటాయి. కనీసం 25 కంప్యూటర్లు వచ్చి నిలబడితేగానీ విండోస్‌కి అది గేటు తీయదు. తీసినా ఆ టికెట్ చెల్లేది 180 రోజులే. ఈలోగా మళ్లీ మళ్లీ పోయి పొడిగించుకుంటూ ఉండాలి. దొంగ యాక్టివేటర్లలో ఒక రకం చేసే పనేమిటంటే, మన కంప్యూటర్లోనే ఒక నకిలీ గేట్‌కీపర్‌ను కూర్చోబెడుతుంది. పాతిక మంది వచ్చారని వాడే చెబుతాడు, టికెట్ వాడే చింపుతాడు. విండోస్ నమ్మేస్తుంది.

ఇంతవరకూ వింటే తమాషాగానే ఉంటుంది. కానీ ఆ గేట్‌కీపర్ లోపలికి రావాలంటే కంప్యూటర్ తాళాలన్నీ వాడి చేతికివ్వాలి. అడ్మినిస్ట్రేటర్‌గా నడిపించమంటాడు. అంతకన్నా ముందు ఇంకో షరతు పెడతాడు: యాంటీవైరస్ ఆపెయ్యి! "ఇది వైరస్ కాదు, యాంటీవైరస్ పొరబడుతుంది, భయపడొద్దు" అని పక్కన రాసి ఉంటుంది కూడా. దొంగ గోడ దూకే ముందు "మీ కుక్కని కట్టెయ్యండి, ఊరికే మొరుగుతుంది" అంటే ఇంటాయన లేచి కట్టేసినట్టు. నేను ఒకసారి కాదు, పదిహేడేళ్లలో ఎన్నిసార్లు కట్టేశానో లెక్కలేదు. ఏమీ కాలేదు. నిజం చెప్పాలి కదా, చాలాసార్లు ఏమీ కాదు. ధైర్యం పెరిగేది అలాగే మరి.

2020 ఫిబ్రవరిలో శంషాబాద్ రోడ్డులోని ఒక హాల్లో ఒక పెళ్లి ఒప్పుకున్నాను. అమ్మాయి తండ్రి కాటేదాన్‌లో ఒక ఫ్యాక్టరీలో పనిచేసేవాడు. బేరం 45 వేలు. ఆయన 25 వేలు అడ్వాన్సు ఇస్తూ, నోట్లు రెండుసార్లు లెక్కపెట్టి, "తమ్మీ, నాకు ఇదొక్కతే బిడ్డ. మంచిగ తియ్యి" అన్నాడు. అంతే, ఎక్కువ మాట్లాడే మనిషి కాదు. మూడు కెమెరాలు పెట్టాం. రెండు నావి. మూడోది బయటి కుర్రాడిది, రోజు కిరాయికి వచ్చాడు. సాయంత్రం చీకటిపడే వేళ అప్పగింతలు. నేను అప్పటికే లైట్లు విప్పించి వ్యానులోకి ఎక్కిస్తున్నాను. అప్పగింతలు తీసింది మూడో కెమెరా ఒక్కటే.

ఆ తండ్రి కూతురి చెయ్యి పట్టుకుని ఏదో మాట్లాడాడట. అందరూ ఏడ్చారట. ఎడిటింగ్‌లో ఎలాగూ చూస్తాను కదా అనుకున్నాను.

మరుసటి వారం ఇంకో పెళ్లి. కెమెరా కార్డులు ఖాళీ చేసి, అంతా కంప్యూటర్లో పోశాను. ఒక కాపీ బయటి హార్డ్ డిస్కులో. బయటిది అన్నమాటేగానీ అది ఎప్పుడూ కంప్యూటర్‌కి తగిలించే ఉండేది. ఇంతలో మార్చి వచ్చింది. లాక్‌డౌన్. మీకు తెలిసిందే. ఎక్స్‌ప్రెస్ వే మీద కుక్కలు పడుకున్నాయి. పెళ్లిళ్లు ఆగిపోయాయి, ఎడిటింగ్‌కి కావలసినంత తీరిక దొరికింది.

ఏప్రిల్‌లో ఒకరోజు నా ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ తెరుచుకోలేదు. లైసెన్సు చెల్లదంది. పాత క్రాక్ చచ్చిపోయిందన్నమాట. కొత్తది వెతికాను. నెట్‌లో ఆ ముఠాకు కొదవా? ఒకచోట దొరికింది. జిప్ ఫైలు, దానికి పాస్‌వర్డు కూడా ఉంది. పాస్‌వర్డు ఉంటే జాగ్రత్తగా చేశారనుకున్నాను. లోపల ఏముందో యాంటీవైరస్ తొంగిచూడకుండా వేసే తాళం అది అని తర్వాత తెలిసింది. మామూలుగానే కుక్కని కట్టేశాను. రెండుసార్లు నొక్కాను. ఏమీ జరగలేదు. మళ్లీ నొక్కాను. ఏమీ లేదు. కాసేపటికి విండోస్ అప్‌డేట్ అవుతున్నట్టు ఒక కిటికీ వచ్చింది. సరే, కానియ్ అని భోజనానికి లేచాను. అది అప్‌డేట్ కాదు. లోపల జరుగుతున్న పని కనబడకుండా వేసిన తెర.

తిరిగి వచ్చేసరికి ప్రతి ఫైలు పేరు చివరా నాలుగు పిచ్చి అక్షరాలు తగిలి ఉన్నాయి. ఏ వీడియో తెరుచుకోవడం లేదు, ఏ ఫొటో తెరుచుకోవడం లేదు. బయటి డిస్కు కూడా అంతే, తగిలించే ఉంది కదా! ప్రతి ఫోల్డర్లోనూ ఒక ఉత్తరం. మీ ఫైళ్లన్నిటికీ తాళం వేశాం, తాళంచెవి 980 డాలర్లు. 72 గంటల్లో మాట్లాడుకుంటే సగం ధర, 490 డాలర్లు. ఆషాఢం డిస్కౌంటు లాగా! అప్పటి లెక్కన 490 అంటే దాదాపు 37 వేలు. పెళ్లి మొత్తం బేరం 45 వేలు.

మా మేనల్లుడు ఒకడు ఇంజనీరింగ్ చదివాడు. ఫోన్ చేస్తే, ఉత్తరంలో వాక్యాలు చదివించుకుని, "మామా, ఏదన్నా క్రాక్ వేశావా?" అన్నాడు. ముందు లేదన్నాను. డాక్టరు దగ్గర తాగుడు సంగతి దాచినట్టు. వాడు ఊరుకోలేదు. అది స్టాప్ అనీ, డీజేవీయూ అనీ పిలిచే రకమట. ప్రపంచం మీద ఎక్కువగా మామూలు జనానికే అంటింది. పెద్ద బ్యాంకుల జోలికి పోదు. క్రాకులు, యాక్టివేటర్లు వెతుక్కునే నాలాంటి చిల్లరగాళ్లే దాని గిరాకీ. ఎంసీసాఫ్ట్ అనే కంపెనీ 2019 అక్టోబరులో దానికి విరుగుడు ఒకటి ఉచితంగా వదిలింది. అయితే ఆ ఏడాది ఆగస్టు తర్వాత వచ్చిన కొత్త రకాలకు అది అంతగా పనికిరాదు. కొత్తవి నెట్ ఉంటే ఒక్కొక్క కంప్యూటర్‌కి ఒక్కొక్క తాళంచెవి దూరాన ఉన్న తమ సర్వర్ నుంచే తెప్పించుకుంటాయి. నెట్ లేని సమయంలో అంటుకుని ఉంటే ఆశ ఉండేది. నాది లాక్‌డౌన్ ఇల్లు, నెట్ లేని క్షణం ఏది?

"పోలీసులకు చెప్పు మామా" అన్నాడు వాడు. పోలీసు అకాడమీ గోడ పక్కనుంచే రోజూ నడిచే నేను, ఆ మాటకు ఉలిక్కిపడ్డాను. ఫిర్యాదు రాయాలంటే మొదటి వాక్యమే "నేను దొంగ సాఫ్ట్‌వేర్ వేసుకుంటూ ఉండగా" అని రాయాలి. కాపీరైటు చట్టంలో 63-బి అని ఒక సెక్షనుంది. దొంగ కాపీ అని తెలిసీ కంప్యూటర్ ప్రోగ్రాం వాడితే తక్కువలో తక్కువ 7 రోజులు, ఎక్కువైతే 3 ఏళ్లు జైలు, 50 వేల నుంచి 2 లక్షల దాకా జరిమానా. వ్యాపారానికి కాక ఇంట్లో వాడుకున్నవాళ్ల మీద కోర్టు కాస్త దయ చూపొచ్చు. నాది వ్యాపారమే కదా. దొంగ ఇల్లు దోచుకున్నవాడు ఎంత సుఖంగా ఉంటాడో ఆ రోజు అర్థమైంది. కేసు పెట్టే మొహం ఇంటాయనకు ఉండదు. (అలా ఊరుకోవడం తప్పే. ఇప్పుడు 1930కి ఫోన్ చేసి సైబర్ మోసం చెప్పుకోవచ్చు. అప్పుడు నాకు భయమే మిగిలింది.)

డబ్బు కట్టలేదు. నీతి కోసం కాదు, లేక.

దెబ్బ అక్కడితో ఆగలేదు. వారంలోగా నా మెయిల్ పాస్‌వర్డు ఎవరో మార్చారు. నేను పెట్టిన పెళ్లి పాటల ఛానెల్ పేరు మారిపోయి, ఏదో విదేశీ నాణేల ప్రకటనలు మొదలయ్యాయి. తాళం వేసే పనితోబాటు, బ్రౌజర్లో దాచిన పాస్‌వర్డులు మూటగట్టి పంపే ఇంకో చిన్న దొంగను కూడా అదే జిప్‌లోంచి దింపారని మేనల్లుడు చెప్పాడు. మెయిల్ తిరిగి వచ్చింది, ఛానెల్ రాలేదు.

ఇక ఇక్కడ కథలో చిన్న మలుపు. ఈ తాళం వేసేవాడికి తొందరెక్కువ. లక్షల ఫైళ్లు మొత్తం తాళం వెయ్యాలంటే గంటలు పడుతుంది, ఈలోగా ఇంటాయన చూసేస్తాడు. అందుకని ప్రతి ఫైలులోనూ మొదటి 150 కిలోబైట్లకే తాళం వేస్తాడు. ఉత్తరం ముక్కో, చిన్న ఫొటోనో అయితే ఆ కాస్తలోనే ప్రాణం పోతుంది. కానీ వీడియో ఫైలు వందల మెగాబైట్లు. తల నరికినా మొండెం మొత్తం అలాగే ఉంటుంది! అదే కెమెరాతో, అవే సెట్టింగులతో కొత్తగా ఒక చిన్న ముక్క తీసి నమూనాగా చూపిస్తే, దాన్నిబట్టి పాత ఫైలుకు తల అతికించే పనిముట్లు ఉన్నాయి. వాటికి డబ్బు కూడా అడగలేదు. మంచివాళ్లు కూడా ఊరికే ఇస్తారు, కాకపోతే వాళ్లు కుక్కని కట్టెయ్యమనరు.

మేనల్లుడూ నేనూ ఫోన్లోనే మాట్లాడుకుంటూ నెలన్నర కూర్చున్నాం. నా రెండు కెమెరాలు చేతిలో ఉన్నాయి కనుక వాటి ఫైళ్లు దాదాపు అన్నీ లేచి కూర్చున్నాయి. ఎదుర్కోలు వచ్చింది, జీలకర్ర బెల్లం వచ్చింది, తలంబ్రాలు వచ్చాయి. మొదటి రెండు మూడు క్షణాలు పోతే పోయాయి. ఎడిటింగ్ ప్రాజెక్టు ఫైలు పోయింది, అది మళ్లీ చేసుకోవచ్చు. మిగిలింది మూడో కెమెరా.

ఆ కిరాయి కుర్రాడికి ఫోన్ చేశాను. పనుల్లేక మే నెలలో కెమెరా అమ్మేసి ఊరికి వెళ్లిపోయాడు. కొన్నవాడెవరో తెలియదు. అదే మోడల్ కెమెరా ఇంకొకరి దగ్గర తెచ్చి నమూనా తీశాం. సెట్టింగు ఎక్కడో కలవలేదు. ఎన్ని రకాలుగా ప్రయత్నించినా బొమ్మ వచ్చింది గానీ మాట రాలేదు. తండ్రి కూతురి చెయ్యి పట్టుకున్నాడు. పెదవులు కదులుతున్నాయి. నిశ్శబ్దం. 1932లో "భక్త ప్రహ్లాద" వచ్చి తెలుగు బొమ్మకు నోరొచ్చిందని చదువుకున్నాం. 2020లో నా చేతుల్లో నోరున్న బొమ్మ మూకీ అయిపోయింది.

అప్పుడు నేనేం చేశానో చెప్పడానికే ఇంత కథ రాశాను.

వాళ్లకు నిజం చెప్పలేదు. అప్పగింతల మీద సన్నాయి వేశాను. పెళ్లివాళ్లకు పరిచయమైన బాణీయే, ఏడుపు తెప్పించే రాగం. ఆ చోట స్లో మోషన్ పెట్టాను, పూల రేకులు రాల్చాను. మాట లేదని ఎవరికీ అనుమానం రాదు. జులైలో పెన్‌డ్రైవ్ ఇచ్చాను. వాళ్లింట్లో అంతా కూర్చుని చూశారట. పెద్దాయన మిగతా 20 వేలు పట్టుకొచ్చి, "మంచిగొచ్చింది తమ్మీ, ఆఖర్ల సన్నాయి మస్తు పెట్టినవ్" అన్నాడు. నేను ఆ డబ్బు లెక్కపెట్టి తీసుకున్నాను.

2021 మే నెలలో, రెండో వేవ్‌లో ఆయన పోయాడు.

ఆ సంగతి నాకు ఆగస్టులో తెలిసింది, ఆ అమ్మాయి తల్లిని వెంటబెట్టుకుని దుకాణానికి వచ్చినప్పుడు. "అన్నా, నాయిన మాట ఎక్కడ లేదు. ఫోన్‌ల రికార్డు గూడ లేదు. ఆ అప్పగింతల కాడ సన్నాయి తీసేసి, నాయిన మాట్లాడింది పెట్టి ఇయ్యవా? పైసలు ఎన్నైనా ఇస్త" అంది.

కుర్చీలో ఎలా కూర్చున్నానో నాకు తెలియదు. డిస్కు పాడైందని చెప్పొచ్చు. పదిమంది అదే చెబుతారు, జనం నమ్ముతారు. నోటిదాకా వచ్చింది కూడా. కానీ ఆ అమ్మాయి కంప్యూటర్ వంకే చూస్తోంది, ఆయన దాన్లో ఉన్నట్టు. చెప్పేశాను. క్రాక్ అంటే ఏమిటో, యాంటీవైరస్ ఎందుకు ఆపానో, సన్నాయి ఎందుకు వేశానో, అంతా. ఆ సాఫ్ట్‌వేర్ నెల అద్దె ఎంతో కూడా చెప్పాను. ఒక పెళ్లిలో మేం డ్రోను కుర్రాడికిచ్చే దానికన్నా తక్కువ. ఊరికే దొరికే డావిన్సీ రిజాల్వ్ ఉందని అప్పటికే నాకు తెలుసు, నేర్చుకోవడానికి బద్ధకించాను అని కూడా చెప్పాను.

తల్లికి సగం అర్థమైంది, సగం కాలేదు. "అంటే, పైసలకు చూసుకున్నవా తమ్మీ?" అంది. అంతకన్నా సరిగ్గా ఎవరు చెప్పగలరు? 45 వేలు వెనక్కి ఇస్తానన్నాను. తీసుకోలేదు. అమ్మాయి చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత, "సరే అన్నా. మాట లేకుంటే లేకపాయె. ఆ సన్నాయి, పూలు, అన్ని తీసెయ్. ఒట్టి బొమ్మే ఇయ్యి. పెదవులన్న కనబడుతయి గదా" అంది.

ఇక్కడ కొంచెం ఆగి లోకం సంగతి చెప్పాలి, నా ఒక్కడి ఖర్మే అనుకోకుండా. అదే 2021 డిసెంబరులో రెడ్ కానరీ అనే భద్రతా సంస్థ, పేరుమోసిన ఒక విండోస్ యాక్టివేటర్ పేరు పెట్టుకున్న ఫైళ్లలో క్రిప్ట్‌బాట్ అనే పాస్‌వర్డుల దొంగ దాక్కుని వస్తోందని బయటపెట్టింది. 2025 చివర్లో దక్షిణ కొరియా పోలీసులు లిథువేనియాకు చెందిన ఒకణ్ని జార్జియా దేశం నుంచి రప్పించారు. అలాంటి ఇంకో యాక్టివేటర్ ముసుగులో 28 లక్షల కంప్యూటర్లకు వైరస్ ఎక్కించి, డిజిటల్ నాణేలు పంపేవాళ్ల ఖాతా నంబరు మధ్యలో మార్చేశాడని ఆరోపణ. నేను వేసుకున్న క్రాక్‌ను మొదట తయారుచేసినవాడు మంచివాడా చెడ్డవాడా అన్నది ఎవరికీ తెలియదు. అది ఎన్ని చేతులు మారి, ఏ చేతిలో ఏం కలిపారో ఎవరూ చెప్పలేరు. బాటిల్ మీద పేరు చూసి మందు తాగుతాం. మూత ఎవరు తీశారో అడగం.

మన సినిమాల సంగతికొస్తే, 2023లో సినిమాటోగ్రాఫ్ చట్టం సవరించి, హాల్లో దొంగగా రికార్డు చేస్తే 3 నెలలకు తగ్గకుండా జైలు, 3 లక్షలకు తగ్గకుండా జరిమానా అన్నారు. 2025 నవంబరులో ఐబొమ్మ నడిపినతణ్ని హైదరాబాద్‌లో పట్టుకున్నప్పుడు మా చౌరస్తాలో అందరూ రెండు జట్లుగా విడిపోయి వాదించుకున్నారు. టికెట్ ధర పెంచితే జనం ఏం చేస్తారని ఒకరు, దొంగతనం దొంగతనమే అని ఒకరు. నన్నూ అడిగారు. 2013లో అయితే మైకు పట్టుకునేవాణ్ని. ఈసారి టీ తాగి వచ్చేశాను. సాఫ్ట్‌వేర్ ధరలు మనలాంటి చిన్న దుకాణాలకు ఎక్కువే, కాదనను. ఆ మాట అనే అర్హత కొని వాడేవాడికి ఉంటుంది. నేను ఊరికే తెచ్చుకుని, దానికి ధర ఇంకొకరి ఇంట్లోంచి కట్టించాను.

మళ్లీ ఆ రోజుకి వస్తాను. ఒట్టి బొమ్మ తీసి ఇవ్వబోతుంటే నాకో ఆలోచన తట్టింది. పూర్వం డబ్బింగ్ థియేటర్లలో రీలును చిన్న చిన్న ముక్కలు చేసి, రెండు కొసలూ అతికించి లూపులుగా తిప్పేవాళ్లు. పెదవుల కదలిక పట్టుబడేదాకా అదే ముక్క పదిసార్లు, ఇరవైసార్లు తిరిగేది. నేనూ అలాగే చేశాను. పెద్దాయన మొహం పెద్దది చేసి, ఒక్కొక్క ముక్కా లూపులో పెట్టాను. తల్లీకూతుళ్లు తెర ముందు కూర్చున్నారు. ముప్పై ఏళ్ల కాపురం చేసిన మనిషి, ఆయన పెదవి విరుపు ఆమెకు కొత్తా?

మొదటి ముక్క ఎంత తిప్పినా చిక్కలేదు. రెండో దానికి తల్లి, "'బిడ్డా' అన్నడు, ఇగో ఇక్కడ" అంది. మళ్లీ తిప్పాను. అవును, పెదవులు మూసుకుని విడిపోయాయి. కూతురు చీర కొంగు నోట్లో కుక్కుకుంది. "ఫోన్ చెయ్యి" అన్నాడని తేల్చారు. తర్వాత ఇద్దరూ ఒక మాట మీద కాసేపు తగువులాడారు. చిన్న అంటుంది అల్లుడి పేరని, పెద్ద అంటుంది కాదు చెప్పులన్నడని. చివరికి చెప్పులే. హాల్లో చెప్పులు మరచిపోయిందట, అవి తెచ్చుకొమ్మని చెప్పాడు! ఇద్దరూ ఏడుస్తూనే నవ్వారు. నేనూ ఇన్నాళ్లూ అక్కడేదో పెద్ద డైలాగు పోగొట్టానని కుమిలిపోతున్నాను.

ఆఖరి ముక్కలో ఆయన కూతురి చెయ్యి వదిలి, కళ్లు తుడుచుకుని, తిన్నగా కెమెరాలోకి చూస్తాడు. ఏదో అంటాడు. రెండే మాటలు. ఆరేడుసార్లు తిప్పాను. కూతురికి అందలేదు. తల్లి నా వైపు తిరిగింది.

"గది మాకు గాదు తమ్మీ, మిమ్ములనే అడుగుతుండు. 'అన్నం తిన్నరా' అంటుండు."

ఆ రోజు వ్యాను నింపే హడావుడిలో మా కుర్రాళ్లు తిన్నారో లేదో, నాకిప్పుడు ఎంత తలుచుకున్నా గుర్తురావడం లేదు.